స్నేహలతా రెడ్డి: ‘సంస్కార’లో చంద్రి

స్నేహలతా రెడ్డి (1932–1977) తెలుగు మూలాలున్న రంగస్థల నటి, నాటక దర్శకురాలు, సోషలిస్టు కార్యకర్త. 1970 నాటి కన్నడ చిత్రం ‘సంస్కార’లో చంద్రి పాత్ర వేసింది. సినిమా నటిగా ఆమెకు నిలిచిన పేరు ఆ ఒక్క పాత్రదే. ఆ సినిమా ఊరూరా హాళ్లలో వంద రోజులాడే రకం కాదు. సెన్సారు ఆపింది, తర్వాత వదిలింది, జాతీయ పురస్కారం వచ్చింది, ఫిలిం సొసైటీల తెరల మీద తిరిగింది. చూసినవాళ్లు తక్కువైనా మరచిపోయినవాళ్లు ఇంకా తక్కువ. తెలుగు సినిమా చరిత్రల్లో ఈమెకు చోటు దొరక్కపోవడంలో వింతేమీ లేదు. వేసిన పాత్ర కన్నడం, ఆడిన నాటకాలు ఎక్కువగా ఇంగ్లిషు, ఉన్న ఊళ్లు మద్రాసు, బెంగళూరు. ఇంట్లో మాత్రం ఒక తెలుగు కవి ఉన్నాడు.

నేపథ్యం

స్నేహలత పుట్టింది ఆంధ్ర ప్రాంతపు క్రైస్తవ కుటుంబంలో. మతం మారి అప్పటికి రెండు తరాలైంది. అలాంటి ఇళ్లలో ఆ రోజుల్లో ఇంగ్లిషు పేర్లు, ఇంగ్లిషు చదువు, దొరల అలవాట్లు మామూలే. ఆమె చిన్న వయసులోనే వాటికి ఎదురు తిరిగింది. వలస పాలన మీది కోపంతో భారతీయ పేరు పెట్టుకుంది, ఈ దేశపు బట్టే కట్టింది. ఇంగ్లిషు భాషను మాత్రం వదల్లేదు. ఆమె నాటకరంగం ఎక్కువగా ఆ భాషలోనే నడిచింది. ఈ రెండూ ఒకే మనిషిలో ఎలా ఇమిడాయన్న ప్రశ్నకు ఆ తరం మద్రాసు మేధావులందరూ జవాబు చెప్పాల్సి ఉంటుంది, ఆమె ఒక్కతే కాదు.

భర్త తిక్కవరపు పట్టాభిరామరెడ్డి (1919–2006) నెల్లూరు వాడు. శాంతినికేతన్‌లోనూ, అమెరికాలో కొలంబియా విశ్వవిద్యాలయంలోనూ చదివాడు. 1939లో ‘ఫిడేలు రాగాల డజన్’ అచ్చువేసి తెలుగు ఛందస్సుతోనూ వ్యాకరణంతోనూ తగాదా పెట్టుకున్నాడు. సాహిత్య లోకం అతన్ని పట్టాభి అనే అంటుంది. తర్వాత సినిమా నిర్మాణంలోకి వచ్చి కె.వి.రెడ్డి దర్శకత్వంలో ‘పెళ్లినాటి ప్రమాణాలు’ (1958), ‘భాగ్యచక్రం’ (1968) చిత్రాలతో ముడిపడ్డాడు. అంటే ‘సంస్కార’ తీసేనాటికి అతను చిత్రరంగానికి కొత్తవాడు కాదు. అక్కినేని, ఎన్టీఆర్ సినిమాల లెక్కలు తెలిసిన మనిషే ఆ లెక్కలన్నీ పక్కన పెట్టాడు.

ఈ దంపతులిద్దరూ రామ్ మనోహర్ లోహియా అనుయాయులు. కుల నిర్మూలన, స్త్రీ స్వేచ్ఛ, ఇంగ్లిషు పెత్తనం గురించి లోహియా లేవదీసిన చర్చలు వీళ్లింట్లో రోజూ నడిచేవే. వీళ్ల పిల్లల్లో నందన తర్వాతి కాలంలో బాలకార్మికుల హక్కుల కోసం పనిచేసింది, కోణార్క్ గిటార్ విద్వాంసుడయ్యాడు.

స్నేహలత నటన నేర్చింది మద్రాసు రంగస్థలం మీద. మద్రాస్ ప్లేయర్స్ అనే ఇంగ్లిషు నాటక సంఘాన్ని నిలబెట్టినవాళ్లలో ఆమె ఒకరు. ఇబ్సెన్ ‘పీర్ గింట్’లో నటించింది, ఆర్థర్ మిల్లర్ ‘ఎ వ్యూ ఫ్రం ది బ్రిడ్జ్’కు దర్శకత్వం వహించింది. సీతను స్త్రీ పక్షాన నిలబెట్టి ఒక నాటకం కూడా రాసింది. అదే సంఘంలో ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీ ప్రెస్ మద్రాసు కార్యాలయంలో ఉద్యోగం చేస్తున్న కన్నడ యువకుడొకడు ఉండేవాడు. అతను గిరీశ్ కర్నాడ్. ‘సంస్కార’ పుట్టింది ఈ స్నేహాల్లోంచే.

సినిమా

యు.ఆర్.అనంతమూర్తి ‘సంస్కార’ నవల 1965లో వచ్చింది. కథాస్థలం దూర్వాసపురం అనే మాధ్వ బ్రాహ్మణ అగ్రహారం. నారణప్ప అక్కడి తిరుగుబాటుదారు. కట్టుకున్న భార్యను వదిలేశాడు, కుందాపురం నుంచి చంద్రి అనే తక్కువ కులపు వేశ్యను తెచ్చుకుని బాహాటంగా కాపురం పెట్టాడు, మాంసం తిన్నాడు, మద్యం తాగాడు. ప్లేగు తగిలి చచ్చిపోయాడు. శవానికి దహన సంస్కారం ఎవరు చేయాలి? చేస్తే మైల, చేయకపోతే ఊళ్లో ఎవరూ ముద్ద ముట్టడానికి లేదు. వేదవేదాంగాలు చదివిన ప్రాణేశాచార్యులు తాళపత్రాలు తిరగేస్తాడు, జవాబు దొరకదు. మారుతి గుడికి పోయి దేవుణ్ణి అడుగుతాడు, దేవుడూ పలకడు. తిరిగి వస్తూ చీకటి అడవిలో చంద్రి ఒడిలో పడతాడు. ఎలుకలు చస్తుంటాయి, గద్దలు ఇళ్ల కప్పుల మీద వాలుతుంటాయి, శవం కుళ్లుతూనే ఉంటుంది.

పట్టాభి దర్శకత్వం, నిర్మాణం రెండూ పైన వేసుకున్నాడు. చిత్రానువాదం కర్నాడ్ రాశాడు, ప్రాణేశాచార్యులుగానూ తానే నటించాడు. నారణప్పగా రచయిత పి.లంకేశ్ వేశాడు. కెమెరా పట్టింది ఆస్ట్రేలియా వాడైన టామ్ కోవన్. సంగీతం సరోద్ విద్వాంసుడు రాజీవ్ తారానాథ్‌ది, కళ చోళమండలం చిత్రకారుడు ఎస్.జి.వాసుదేవ్‌ది. కె.వి.రెడ్డి శిష్యుడు సింగీతం శ్రీనివాసరావు నిర్వహణ బాధ్యతల్లో ఉన్నాడు. ‘మాయాబజార్’ సెట్ల మధ్య పని నేర్చిన మనిషి ఈ సినిమాలో సెట్లే లేని పని నడిపించాడు. చిత్రీకరణ మలెనాడులో, శృంగేరి దగ్గరి ఊళ్లో, అసలైన ఇళ్ల మధ్య సాగింది. ఖర్చు లక్ష రూపాయల లోపే. నటుల్లో చాలామంది సినిమా ముఖం ఎరగనివాళ్లు.

మద్రాసు సెన్సారు బోర్డు చిత్రాన్ని నిషేధించింది. ఒక వర్గం మనసు నొచ్చుకుంటుందన్నది అభ్యంతరం. పైస్థాయిలో పోరాడిన తర్వాతే విడుదలకు దారి దొరికింది. ఆపైన 1970 సంవత్సరానికి జాతీయ ఉత్తమ చిత్రంగా స్వర్ణకమలం అదే గెలుచుకుంది. కన్నడ సినిమాకు ఆ గౌరవం రావడం అదే మొదటిసారి. నవ్య కన్నడ సినిమా చరిత్ర ఎవరు రాసినా ఇక్కణ్ణుంచే ఎత్తుకుంటారు.

తెలుగు పాఠకుడు ఇక్కడ కాస్త ఆగి ఆలోచించవచ్చు. కన్నడ నవ్య సినిమాకు తొలి చిత్రం తీసింది నెల్లూరు కవి. ఏడేళ్లు దాటాక తెలుగులో ఆ తరహా సినిమాలు వచ్చినప్పుడు ‘ఒక ఊరి కథ’ (1977) తీసిన మృణాల్ సేన్, ‘మా భూమి’ తీసిన గౌతమ్ ఘోష్ ఇద్దరూ కలకత్తా నుంచి వచ్చారు. మన కవి పొరుగింటికి పోయి దీపం పెట్టాడు, మనింటి దీపానికి బెంగాలీలు కావలసివచ్చారు. పట్టాభి ఈ పని తెలుగులో ఎందుకు చేయలేదన్నది న్యాయమైన ప్రశ్నే. అయితే అప్పటి మద్రాసు తెలుగు పరిశ్రమ సినిమాకు పెట్టే ఖర్చూ, కోరే పాటలూ, తారలూ ఎంతో తెలిసినవాళ్లకు అది మరీ చిక్కు ప్రశ్నేమీ కాదు.

పాత్ర

చంద్రిది కథలో తక్కువ మాటలు, ఎక్కువ పనులు ఉన్న పాత్ర. అగ్రహారంలో మగవాళ్లంతా మాట్లాడుతూనే ఉంటారు. శాస్త్రం మాట్లాడతారు, వాటా మాట్లాడతారు, ఎవరి పాపం ఎంతో లెక్క మాట్లాడతారు. చంద్రి ఒంటిమీది బంగారమంతా తీసి ఆచార్యుల ముందు పెడుతుంది, దహనం ఖర్చుకని. ఆ నగలు చూడగానే అంతదాకా ముట్టనన్నవాళ్ల గొంతులు మారతాయి, ఎవరి అర్హత ఎక్కువన్న వాదన మొదలవుతుంది. అగ్రహారం గుట్టు బయటపెట్టడానికి రచయితకు అంతకంటే పెద్ద సన్నివేశం అక్కర్లేకపోయింది.

అడవి ఘట్టం గురించే అందరూ ఎక్కువగా మాట్లాడతారు. సెన్సారు కలత పడిందీ ఇలాంటి చోట్లే. కాని పాత్ర కొలత తెలిసేది ఆ తర్వాతి ఘట్టంలో. అడవి నుంచి తిరిగొచ్చిన ఆచార్యులు తానేమైపోయాడో తెలియక కొట్టుకుంటుంటాడు. చంద్రి మాత్రం నారణప్ప శవం దగ్గరికి నడుస్తుంది. బండివాణ్ణి అడుగుతుంది, అతను పారిపోతాడు. చివరికి చేపల వ్యాపారం చేసే ఒక ముస్లిం బండి తోలుకొచ్చి సాయం చేస్తే, రాత్రికి రాత్రి శవాన్ని కాల్చి, ఎవరికీ చెప్పకుండా ఊరు విడిచి పోతుంది. అగ్రహారం ఇంకా ఆ శవం కోసమే ఉపవాసం ఉంటుంది, అది బూడిదైపోయిందని తెలియకుండా. శాస్త్రాలన్నీ తేల్చలేని సమస్యను ఆమె కట్టెలతో తేల్చేసింది. ఇంత కథను మోసే మనిషికి సంభాషణలు అంత తక్కువైతే, నటి దగ్గర నిలుపు ఉండాలి, నడక ఉండాలి, చూపును దాచుకోవడం తెలియాలి. రంగస్థలం మీద గొంతుతో ఇల్లు నింపడం నేర్చిన నటి ఇక్కడ ఆ గొంతు మడిచి పెట్టేసింది. ఈ పాత్రలో మెచ్చుకోవలసినది అదే.

అప్పటికి ఆమె వయసు దాదాపు ముప్పై ఎనిమిది. మన పరిశ్రమల్లో ఆ వయసు నటికి అక్క వేషమో, వదిన వేషమో ఇచ్చేవారు. కామం, కారుణ్యం రెండూ ఉన్న స్త్రీగా నిలబెట్టడం ఊహకందని పని. పడుచు వయసు మెరుపు కాక అనుభవం ముఖంలో కనిపించడం వల్లే అడవి ఘట్టం చవకబారు కాలేదనిపిస్తుంది.

ఆక్షేపణలూ ఉన్నాయి. చంద్రి మగ రచయిత కన్న కలే కదా, బ్రాహ్మణుడి మోక్షానికి మెట్టుగా శూద్ర స్త్రీ శరీరాన్ని వాడుకోవడమే కదా అని స్త్రీవాద విమర్శకులు నవలనే నిలదీశారు. ఆ విమర్శ సినిమాకూ తగులుతుంది. నగర ఉన్నత వర్గం నుంచి వచ్చిన నటి ఆ పాత్ర వేయడం ఇంకో మెలిక. స్నేహలత నటన ఆ ఆక్షేపణకు పూర్తి జవాబు కాదు. ఆచార్యుడి బాధకు చంద్రి బాధ్యురాలు కాదన్న సంగతిని మాత్రం ఆమె ముఖం ఎక్కడా వదలదు.

ఒక్క పాత్రతోనే సినిమా చరిత్రలో నిలిచినవాళ్లు ఇంకా ఉన్నారు. డెన్మార్క్ దర్శకుడు డ్రెయర్ 1928లో ఫ్రాన్సులో తీసిన మూకీ చిత్రంలో జోన్ ఆఫ్ ఆర్క్‌గా వేసిన ఫాల్కొనెట్టి కూడా నాటకాల మనిషే. ఆమెకూ చెప్పుకోదగ్గ సినిమా అదొక్కటే. సత్యజిత్ రాయ్ ‘పథేర్ పాంచాలీ’ (1955)లో దుర్గగా కనిపించిన ఉమా దాస్‌గుప్తా ఆ తర్వాత సినిమా నటిగా కొనసాగలేదు. వాళ్లిద్దరి పాత్రలూ చావుతో ముగుస్తాయి. చంద్రి చావదు. చచ్చినవాణ్ణి సాగనంపి తన దారిన పోతుంది.

గోదావరి వైపు నుంచి చూస్తే

వేశ్య ఇంటి గడప దగ్గర అగ్రకుల మగవాడి పాండిత్యం పరీక్షకు నిలవడం తెలుగు నాటకానికి కొత్త కాదు. గురజాడ మధురవాణి ఉంది. గోదావరి జిల్లాల జనానికి అంతకంటే దగ్గరిది చింతామణి. పశ్చిమ గోదావరి మత్స్యపురిలో పుట్టి కాకినాడలో స్థిరపడిన కాళ్లకూరి నారాయణరావు (1871–1927) వేశ్యావ్యసనం మాన్పించాలని ఆ నాటకం రాశాడు. రాజమండ్రిలో కందుకూరి వీరేశలింగం నడిపిన భోగం మేళాల వ్యతిరేక ఉద్యమం వేడి ఇంకా చల్లారని కాలం అది. కాళ్లకూరి అనుకున్నది ఒకటి, పందిట్లో జరిగింది ఒకటి. అందులోని వైశ్య పాత్ర సుబ్బిశెట్టి హాస్యం ముదిరి నాటకాన్ని మింగేసింది. దశాబ్దాల పాటు డెల్టా ఊళ్ల తిరునాళ్లలో, రాత్రి పందిళ్లలో ఆడి, చివరికి ఆర్యవైశ్యుల అభ్యంతరంతో 2022 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ నిషేధం దాకా వెళ్లింది.

చింతామణినీ చంద్రినీ పక్కపక్కన పెడితే తేడా కొట్టొచ్చినట్టు కనబడుతుంది. చింతామణి మారాలి, అది ఆ నాటకం షరతు. ఆమెకు జ్ఞానోదయం అయ్యాకే ప్రేక్షకుడి గౌరవం దక్కుతుంది. మధురవాణి తెలివికి అందరూ తల వంచుతారు గాని కథ చివర ఆమె కూడా వృత్తి వదిలే దారే పట్టాలి. చంద్రి నుంచి ఎవరూ మార్పు కోరరు. మారవలసినది ఆచార్యుడు. సంస్కరణ అనే భారాన్ని స్త్రీ నెత్తి మీంచి దించి పండితుడి నెత్తిన పెట్టడం ఈ కథ చేసిన పని. వీరేశలింగం తరం ఊహించిన సంస్కరణకు ఇది తలకిందుల పటం.

ఈ సీమతో ముడిపడిన తెలుగు సినిమాల్లో ‘సంస్కార’కు దగ్గరి బంధువు ‘గ్రహణం’ (2004). రాజమండ్రి ఉపాధ్యాయ శిక్షణ కళాశాలలో కొంతకాలం పనిచేసిన చలం రాసిన ‘దోషగుణం’ కథను ఇంద్రగంటి మోహనకృష్ణ చిన్న బడ్జెట్‌లో డిజిటల్ కెమెరాతో తీశాడు. కుర్రవాడి జ్వరానికి పెద్ద వయసు స్త్రీతో సంబంధమే కారణమని వైద్యం పేరిట ఒక ఇల్లాలిని దోషిగా నిలబెట్టే కథ ఇది. వ్యాంపు వేషాలతో, హాస్య పాత్రలతో పేరుపడ్డ జయలలితకు అందులో శారదమ్మ పాత్ర దొరికింది. దర్శకుడి తొలి చిత్రానికిచ్చే ఇందిరాగాంధీ జాతీయ పురస్కారం ఆ సినిమాకు వచ్చింది. హాళ్లలో అదీ ఎక్కువ మందికి కనబడలేదు. ఆమె ఆపైన కూడా పాత వేషాల్లోకే వెళ్లింది. పరిశ్రమకు అలాంటి పాత్ర ఇంకొకటి రాసే ఓపిక లేదు.

జైలు

1975 జూన్ 25న దేశంలో ఎమర్జెన్సీ వచ్చింది. సోషలిస్టు నాయకుడు జార్జి ఫెర్నాండెజ్ అజ్ఞాతంలోకి వెళ్లి ప్రతిఘటన నడిపాడు. రెడ్డి దంపతులకు అతనితో పాత స్నేహం. 1976 మే 1న బెంగళూరులో జార్జి తమ్ముడు లారెన్స్‌ను పోలీసులు పట్టుకుని చిత్రహింసలు పెట్టారు. ఆ మర్నాడే, మే 2న, స్నేహలతను అరెస్టు చేశారు. జార్జి మీద పెట్టిన బరోడా డైనమైట్ కేసులో ఆమెకూ పాత్ర ఉందన్నది ఆరోపణ. తర్వాత కోర్టులో వేసిన అభియోగపత్రంలో ఆమె పేరు లేదు. అయినా వదల్లేదు. విచారణ లేకుండానే మీసా చట్టం కింద బెంగళూరు సెంట్రల్ జైల్లో ఉంచేశారు.

ఆమెకు ముందునుంచీ ఉబ్బసం ఉంది. ఇరుకు గది, ఒంటరి నిర్బంధం, తగినంత వైద్యం లేకపోవడం కలిసి జబ్బును ముదరబెట్టాయి. అదే జైల్లో ఉన్న సోషలిస్టు నాయకుడు మధు దండవతే, రాత్రి నిశ్శబ్దంలో ఆమె కేకలు తమ గదుల దాకా వినిపించేవని తర్వాత రాశాడు. ఊపిరాడని ఆ మనిషే తోటి ఆడ ఖైదీలను కొట్టడం ఆపాలని జైలువాళ్లతో పోట్లాడింది, తిండి బాగుచేయించింది, వాళ్లతో పాటలు పాడించింది, ఆటలాడించింది. ఆ ఖైదీలు రాజకీయాలతో సంబంధం లేనివాళ్లు, చిల్లర నేరాల మీద వచ్చిన పేద స్త్రీలు. తాను చూసినదీ, పడినదీ డైరీగా రాసుకుంది.

1977 జనవరి 15న ఆరోగ్యం పూర్తిగా చెడిందని పెరోల్ మీద ఇంటికి పంపారు. 18న ఇందిరాగాంధీ ఎన్నికలు ప్రకటించింది. 20న స్నేహలత చనిపోయింది. అప్పటికి ఆమెకు నలభై ఐదేళ్లు నిండలేదు. ఎమర్జెన్సీ కాలపు మరణాల్లో బాగా చెప్పుకునే వాటిలో ఇదొకటి. అయితే దీనివల్ల ఒక నష్టమూ జరిగింది. ఏటా జూన్ నెలాఖరులో పత్రికలు ఆమెను తలుచుకుంటాయి, ఖైదీగా తలుచుకుంటాయి, ‘సంస్కార’లో నటించిందని ఒక వాక్యం చేరుస్తాయి. చంద్రిని నటనగా, పాత్రగా చూసి రాసినది అంతకంటే చాలా తక్కువ.

తర్వాత

ఆ మార్చి ఎన్నికల్లో కాంగ్రెస్ ఓడింది. జైల్లో ఉండగానే జార్జి ఫెర్నాండెజ్ ముజఫర్‌పూర్ నుంచి గెలిచి కేంద్రమంత్రి అయ్యాడు. డైనమైట్ కేసును జనతా ప్రభుత్వం ఎత్తేసింది. స్నేహలత జైలు డైరీని కర్ణాటకలోని మానవ హక్కుల కమిటీ అదే ఏడాది ఇంగ్లిషులో పుస్తకంగా వేసింది. పట్టాభి ‘సంస్కార’ తర్వాత ‘చండమారుత’, ‘శృంగారమాస’, ‘దేవరకాడు’ చిత్రాలు తీసి 2006 మే 6న బెంగళూరులో కన్నుమూశాడు. ఆ మూడూ కన్నడ చిత్రాలే.